ఎవాంజెలిన్ గారు ఏడవని రోజు

1990 జూన్ పన్నెండో తేదీ, మంగళవారం ఉదయం శ్రీమతి ఎవాంజెలిన్ గారు మన కరుణాలయం ఆసుపత్రిలో స్టాఫ్ నర్సుగా చేరారు. అదే రోజు మధ్యాహ్న భోజనానికి ముందే రోగి ఎదుట ఏడ్చారు. రానున్న జూన్ ముప్పైన అదే ఆసుపత్రి నుండి నర్సింగ్ సూపరింటెండెంటుగా పదవీ విరమణ చేయనున్నారు. ఈ అభినందన సంచిక అచ్చుకు వెళ్తున్న ఈ రోజు వరకు అందుకుగాను ఒక్క చుక్క కూడా రాల్చలేదు. మొదటి సంగతి విన్నవారు నవ్వుకుంటారు. రెండో సంగతి తెలిసిన మనమందరం మాత్రం నిశ్చేష్టులమై, ఒకరి ముఖం ఒకరు చూసుకుంటూ, వరండాలో గొంతు తగ్గించి మాట్లాడుకుంటున్నాం. ఈ దిగ్భ్రాంతికి కారణం పాత సహోద్యోగులకు తెలిసినదే అయినా, సభకు విచ్చేసే కుటుంబ సభ్యుల కోసమూ, కొత్తగా చేరిన చెల్లెళ్ళ కోసమూ మొదటి నుండి చెప్పడమే ధర్మం.

విడవలూరు నుండి రేకుపెట్టెతో బస్సు దిగి, సముద్రపు గాలికి గొళ్ళేలు సైతం తుప్పుపట్టే ఈ ఊళ్ళో అడుగుపెట్టిన ఆ ఇరవై నాలుగేళ్ళ యువతికి నాటి మేట్రన్ ఫ్లోరా గారు అప్పగించిన తొలి బాధ్యత ఒక పసివాడికి ఇంజెక్షను. సూది గుచ్చిన చెయ్యి వణకలేదు, మందు చుక్క కూడా బయటికి పోలేదు, కానీ గుచ్చించుకున్నవాడి కంటే ముందు గుచ్చిన ఆమె ఏడ్చారు. పసివాడు తన ఏడుపు మరిచి, నోరు తెరిచి చూసి, చప్పరిస్తున్న నిమ్మబిళ్ళను నోట్లోంచి తీసి ఆమెకు చాచాడు. ఫ్లోరా గారు నడుం మీద చెయ్యి వేసుకొని, "ఏమ్మే, సూది వాడికా నీకా?" అని అడిగిన మాట ఆసుపత్రి గోడలు దాటి ఊళ్ళోకి, ఊరు దాటి సముద్రం ఒడ్డున ఉన్న కుప్పాలకు, అంటే మన జాలర్ల పల్లెలకు, చేరిపోయింది. ఎవాంజెలిన్ అనే పేరు నోరు తిరగని కుప్పంవారు ఆమెను అంజలమ్మ అన్నారు. అశ్రువులతో వచ్చిన అంజలమ్మ గనుక ఆ పేరు అతికినట్టు సరిపోయింది.

అటు తరువాత ఆమె ఉద్యోగ జీవితం ఒక ఉప్పునీటి ప్రస్థానం. చేతిలో సెలైను సీసా, అందులో ఉప్పునీరు. కళ్ళలో ఇంకో ఉప్పునీరు. ఆసుపత్రి వెనక ఉప్పుటేరు సరేసరి. వారానికి రోజులు ఏడు, ఆ ఏడూ ఆమెకు ఏడుపు రోజులే. ఆడపిల్ల పుడితే ఏడ్చారు, మగపిల్లవాడు పుడితే ఏడ్చారు, కవలలు పుడితే చెప్పనక్కరలేదు. కుట్లు వేస్తే ఏడ్చారు, విప్పితే ఏడ్చారు, రోగి ఇంటికి పోతూ "పోయొస్తా అక్కా" అంటే "మళ్ళీ రావొద్దు నాయనా" అని ఏడ్చారు. ఆ కన్నీళ్ళకు ఆపు లేదు, రేషను లేదు. ఆపరేషను థియేటర్లో తప్ప. అక్కడ మాత్రం చుక్క రాలేది కాదు. సిరంజితో జనాన్ని రంజింపజేసిన నర్సమ్మ ఈ తీరంలో మరొకరు లేరనీ, కన్ను వర్షిస్తున్నా ఆమె వేలికి నరం దొరకని రోజు లేదనీ ఆమె కింద పని నేర్చుకున్న ప్రతి ఒక్కరూ సాక్ష్యం చెబుతారు. వార్డు ఇన్‌ఛార్జి అయ్యారు, తరువాత మేట్రన్ అయ్యారు, హోదా పెరిగింది. కన్నీటి ధార తగ్గలేదు.

ఆ రోజుల్లోనే ఒక తుఫాను ఏడాది పడవలు బోల్తాపడి, నీళ్ళలోంచి లాగిన మనుషులను ట్రాక్టర్లలో తెచ్చి మన వరండాలో పడుకోబెట్టారు. కుప్పం కుప్పమంతా గేటు కాడ నిలబడి లోపలికి చూస్తున్నది. ఆ వేళ ఎవాంజెలిన్ గారు ఒక మనిషి నుండి ఇంకో మనిషికి పరిగెత్తుతూ, ఛాతీ నొక్కుతూ, నోట్లో ఇసుక తీస్తూ, పొడి కళ్ళతో పని చేశారు. పోయినవారి కళ్ళు తానే మూసి, వారి ఇంటివారికి ఆ మాట తానే నిలబడి చెప్పారు. అప్పుడూ ఏడవలేదు. వెల్లకిలా పడున్న ఒక జాలరి గుక్కెడు నీళ్ళు కక్కి, కళ్ళు తెరిచి, "నా వల యాడ?" అని అడిగిన క్షణాన మాత్రం అక్కడే చతికిలబడి బావురుమన్నారు. ఇంటికి చేరాక పోయినవారి కోసం ఎంత ఏడ్చారో వారి శ్రీవారు ఆనందబాబు గారికే తెలుసు. ఆయన ఇన్నేళ్ళుగా ఎవరికీ చెప్పలేదు.

గేటు కాడి జనం అంతా చూశారు. చూసినదాన్ని ఒక శాస్త్రం చేసుకున్నారు. అంజలమ్మక్క బతికేవాళ్ళ కోసం ఏడుస్తుంది. పోయేవాళ్ళ కాడ ఏడవదు. అంతే. ఆ రోజు మొదలు మన ఆసుపత్రికి వచ్చే బంధువులు డాక్టరును కలవడానికి ముందు వాచ్‌మన్‌ను అడిగే ప్రశ్న ఒక్కటే: "అక్క ఏడ్చిందా?" వాచ్‌మన్ తల ఊపి, "ఏడ్చింది, పోయి అన్నం తినండి" అంటే వాళ్ళు నిజంగానే పోయి అన్నం తినేవారు. అశ్రునివాళి అన్నది లోకంలో పోయినవారికి ఇచ్చేది; ఈ ఒక్క తీరంలో మాత్రం అది ఉన్నవారికే దక్కేది. వైద్యులకు ఇది తెలియదు; ఆమె ఏడుపును చూసి నవ్వుకున్నారు, కొందరు విసుక్కున్నారు. ఈ శాస్త్రం సంగతి ఎవాంజెలిన్ గారికి కూడా తెలియదు. గేటు దగ్గర ఏమి అడుగుతున్నారో లోపల పని చేసేవారికి ఎట్లా తెలుస్తుంది?

కొన్నేళ్ళ కిందట డాక్టర్ ఆసిమ్ గారు సూపరింటెండెంటుగా వచ్చారు. వారు ఈ సంచికను కూడా చదువుతారు గనుక భయభక్తులతోనే రాయవలసి ఉంది. అయినా వారే "ఉన్నదున్నట్టు రాయండి" అన్నారు. నెల్లూరులో పుట్టి, పెద్ద పెద్ద ఆసుపత్రులలో పని చేసి వచ్చిన ఆయన ముఖం ఎప్పుడూ ఇస్త్రీ చేసిన చొక్కాలా ఉండేది. వారిది కఠినహృదయం కాదు. శిక్షణ కాలంలో ఒకసారి స్కానింగు చూస్తూ ఆయన ముఖం వాడిపోతే, ఆ వాడిన ముఖాన్ని చూసిన ఒక ముసలాయన మంచం దిగి ఇంటికి వెళ్ళిపోయాడట. మళ్ళీ రాలేదట. అప్పటి నుండి వారి సిద్ధాంతం ఒక్కటే: "రోగి రిపోర్టు కంటే ముందు మన ముఖం చదువుతాడు. అందులో అచ్చుతప్పులు ఉండకూడదు." ఓపీలో అందరికీ ఓపిక నేర్పిన ఆయన, ఎవాంజెలిన్ గారి కన్నీళ్ళను కూడా చాలాకాలం ఓపికగానే సహించారు.

ఆ ఓపిక ఒక చెన్నై ప్రయాణికుడి దగ్గర తెగింది. రైలులో గుండెలో నొప్పి వచ్చి సూళ్లూరుపేటలో దిగి, ఎవరో చెబితే మన దగ్గరికి వచ్చిన పెద్దమనిషి. వచ్చినది గుండెనొప్పి కాదు, వడలు తిన్న గ్యాసు. ఈసీజీ తీయడానికి చొక్కా విప్పుతూ ఎవాంజెలిన్ గారు తెల్లచొక్కాకు నల్లదారంతో కుట్టిన బొత్తాన్ని చూశారు. ఇంట్లో కుట్టేవాళ్ళు లేక పాపం తానే కుట్టుకున్నాడేమో అనుకున్నారు. కళ్ళు నిండాయి. నర్సు కళ్ళు నిండడం చూసిన ప్రయాణికుడికి చెమటలు పోశాయి. ఫోను అందుకొని ఇంటికి బీరువా తాళం ఎక్కడుందో చెప్పాడు. సాయంత్రానికి రెండు కార్లలో బంధువులు దిగి, బతికున్న మనిషిని చూసి కెవ్వుమన్నారు. ఆ కార్ల దుమ్ము అణగకముందే సూపరింటెండెంటు గారి గది నుండి పిలుపు వచ్చింది.

"మేడమ్, మీ మనసు నాకు తెలుసు. మీ కన్నీళ్ళకు అర్థం తెలియనివాడు బెదిరిపోతాడు. మీ కళ్ళు చూసి ఒక్కడి గుండె ఆగితే మీరు తట్టుకోగలరా?"

ఆ ప్రశ్న ఆమెకు సూదిలా దిగింది. "తట్టుకోలేను సార్."

"అయితే రేపటి నుంచి రోగుల ముందు ఏడవొద్దు."

"సరే సార్. ఏడవను."

మాట ఇచ్చిన ఎవాంజెలిన్ గారు దుప్పట్ల గదిలోకి వెళ్ళి, తలుపు వేసుకొని, రేపటి కోటా కూడా కలిపి ఏడ్చి వచ్చారు. ఇంటికి పోయి పోపులడబ్బాలోంచి లవంగాలు తీసి పెట్టుకున్నారు. చిన్నప్పుడు చర్చిలో సమాధి కూడికలకు పాటలు పాడేటప్పుడు గొంతు పూడుకుపోతుంటే, నాలుక కింద లవంగం పెట్టుకోమని వాళ్ళమ్మ నేర్పిందట. లవంగం మంటకు మనసు అటు పోతుంది, కన్ను ఊరుకుంటుంది.

మరునాటి ఉదయం, నాలుక కింద లవంగంతో, అద్దెకు తెచ్చుకున్నట్టున్న ముఖంతో, ఆమె వార్డులో అడుగుపెట్టారు.

మొదటి మంచం టైటస్‌ది. పెదమెట్టు కుప్పం జాలరి. వల దులుపుతుంటే టేకు చేప తోకముల్లు పాదంలో దిగి, ఇంట్లో పసుపు పెట్టి కట్టుకొని, కాలు మోకాలి దాకా వాచాక వచ్చాడు. నరంలోకి మందు ఎక్కుతున్నది. ఎక్కినంతసేపూ ప్రాణానికి భయం లేదు, ఆగితే చీము విషమై నెత్తురులోకి పోతుంది. క్రితం రోజు వరకు కట్టు విప్పిన ప్రతిసారీ ఎవాంజెలిన్ గారు ఏడుస్తుంటే, టైటస్ భార్య రోజా అది చూసి నిబ్బరంగా ఇడ్లీ తినేది. ఈ రోజు కట్టు విప్పారు, తుడిచారు, మళ్ళీ కట్టారు. చుక్క లేదు.

"అక్కా, కాలెట్టుండాది?" అంది రోజా.

"బాగుంది."

రోజా ఆమె కళ్ళలోకి చూసింది. ఇంకోసారి చూసింది. చేతిలోని టిఫిన్ ప్లేటు నేలన పడి గిరగిరా తిరిగి ఆగింది. ఆ చప్పుడుకు వార్డంతా తల ఎత్తింది.

ఎవాంజెలిన్ గారికి ఏమీ అర్థం కాలేదు. రెండో మంచం దగ్గరికి పోయారు, మూడో మంచం దగ్గరికి పోయారు. ఎవరూ పలకరించడం లేదు, అందరూ ఆమె కళ్ళను చూస్తున్నారు. ఇన్నేళ్ళుగా తనను చూస్తే మెత్తబడే ముఖాలు ఒక్కొక్కటే రాయి అవుతుంటే, తన ముఖానికి ఏదైనా అంటుకున్నదేమోనని చేత్తో తడుముకున్నారు. నాలుక కింద లవంగం భగ్గుమంటున్నది. మాట ఇచ్చాను, మాట ఇచ్చాను అనుకుంటూ ఆఖరి మంచం దాకా పోయి, మందులు తేవడానికి స్టోరుకు వెళ్ళారు.

ఆ తరువాత ఆసిమ్ గారు రౌండ్సుకు వచ్చి గుమ్మంలోనే నిలిచిపోయారు. ఆ క్షణాన వారి ముఖంలోని ఇస్త్రీ మొదటిసారి నలిగింది. ఒక మంచం పక్కన పాస్టరు గారు మోకాళ్ళ మీద ఉన్నారు. ఒక మూల ఆడవాళ్ళు రొమ్ములు బాదుకుంటున్నారు. వీపు మీద సెగగడ్డ కోయించుకొని ఆ పూటకు ఇంటికి పోవలసిన దర్జీ అల్లాబక్షు బోర్లా పడుకొని, భార్య మెహబూబున్నీసా యాసీన్ చదువుతుంటే, మధ్య మధ్య తన కుట్టుమిషను ఎవరికి చెందాలో చెబుతున్నాడు. ప్రాణం పోయేటప్పుడు చదివే యాసీన్‌ను సెగగడ్డకు చదువుతుంటే వినడం ఆసిమ్ గారి జీవితంలో అదే ప్రథమం.

"ఎవరు పోయారు?" అన్నారు డాక్టరు గారు.

"ఇంకా ఎవురూ పోలేదు సాబ్," అన్నాడు అల్లాబక్షు తల తిప్పకుండా. "అందరం పోబోతా ఉండాం."

"నీకు వచ్చింది సెగగడ్డయ్యా!"

"మీరట్నే అంటారు సాబ్. మీ ముఖం చూస్తే మాకేం తెలుస్తాది? పెళ్ళికీ అదే, చావుకీ అదే. అక్క కళ్ళు చూడండి. ఎండిపోయినాయి."

మెహబూబున్నీసా చదవడం ఆపి, కొంగుతో ముక్కు తుడుచుకొని, అసలు సంగతి చెప్పింది. అక్క ఎవరి కోసం ఏడిస్తే వాళ్ళు బతుకుతారు. ఇవాళ ఎవరి కోసమూ ఏడవలేదు. ఇక చెప్పేదేముంది?

మందుల పళ్ళెంతో తిరిగి వచ్చిన ఎవాంజెలిన్ గారు ఆ మాట గుమ్మంలో నిలబడి విన్నారు. ఇన్నేళ్ళూ తన కన్నీళ్ళు తనవి అనుకున్నారు. అవి ఊరంతటికీ రిపోర్టులని ఇప్పుడు తెలిసింది. అంటే ఈ ఉదయం ఆమె మంచం మంచానికీ పోయి, ఒక్కొక్కరికీ నీవు చచ్చిపోతావని చెప్పి వచ్చారు! ఆమె చూపు మొదటి మంచం మీద పడింది.

మంచం ఖాళీగా ఉంది. స్టాండుకు వేలాడుతున్న గొట్టంలోంచి మందు ఒక్కొక్క చుక్కా నేల మీద పడుతున్నది.

వాచ్‌మన్‌ను కేకేశారు. "దుప్పట్లో పెట్టి మోసుకోని ఆటోలో ఎక్కిచ్చినారు సార్," అన్నాడు తల దించుకొని.

"నువ్వు ఆపలేదా?"

"పోయే మనిషి ఇంటికాడ పోతే మంచిది గదా సార్."

ఆసిమ్ గారు మంచం దగ్గరికి వెళ్ళి, కారుతున్న గొట్టాన్ని మూశారు. రోగి ముందు ముఖంలో ఏమీ కనబడకూడదని ఆయన అన్నారు. ఏమీ కనబడకపోవడమే ఇక్కడ మరణవార్త అయింది. ముసలాయన ఒక్కడు మంచం దిగిపోయాడని జీవితమంతా ముఖం బిగించుకున్న మనిషికి ఎదురుగా ఇంకో ఖాళీ మంచం. "సాయంత్రం దాకా మందు లేకపోతే మనం ఏమీ చెయ్యలేం," అన్నారు మెల్లగా. అంబులెన్సు తీయమన్నారు. పక్కన ఎవాంజెలిన్ గారు ఎక్కారు.

పెదమెట్టు కుప్పంలో అప్పటికే ఇసుకలో టెంటు గుంజలు పాతుతున్నారు. చర్చి దగ్గర ఒకాయన గంట తాడు చేత పట్టుకొని, చావు కబురు కోసం చూస్తూ బీడీ కాలుస్తున్నాడు. టైటస్‌ను ఇంటి ముందు నులకమంచం మీద, సముద్రం కనబడేట్టు, పడుకోబెట్టారు. కళ్ళు ఎర్రగా, ఒళ్ళు పెనంలా ఉంది. తల దగ్గర రోజా. కాళ్ళ దగ్గర అతని తల్లి ఎస్తేరమ్మ, చేపల బజారులో గొంతు పెట్టి నాలుగు కుప్పాలను పలికించగల మనిషి.

"వచ్చినావా అంజలమ్మా," అంది ఎస్తేరమ్మ. "నిన్నట్టానే ఇయ్యాల కూడా ఒక్క చుక్క ఇడిసుంటే ఈ తిప్పలు ల్యాకపోయె."

"ఎస్తేరమ్మా, వాడికేమీ కాదు. మందు ఆగితేనే ప్రమాదం. లేపండి, పోదాం."

"నువ్వు నోటితో చెప్తే మేమెప్పుడు నమ్మినాం తల్లీ? కంటితో చెప్పు."

ఆసిమ్ గారు ముందుకు వచ్చారు. "అమ్మా, తప్పు నాది. రోగుల ముందు ఏడవొద్దని ఆమెకు నేనే చెప్పాను."

ఇసుకలో గుంజ పట్టుకున్నవాడు గుంజ పట్టుకొనే ఉండిపోయాడు. ఎస్తేరమ్మ ఆయనను పైనుంచి కింది దాకా చూసింది.

"ఏడుపుకు నీ పర్మిషనేంది సామీ? రేపు మా ఉప్పుటేరును కూడా పారొద్దంటావా? ఎవురన్నా ఏడ్చే మనిషిని ఓదారుస్తారు, ఆర్డరేస్తారా?" మళ్ళీ అనుమానంగా కళ్ళు చిట్లించింది. "ఇదంతా మా వోణ్ణి మాయజేసి తీసకపోను చెప్తా ఉండావు. నిజమైతే ఇప్పుడేడవమను. చూస్తాం."

"ఏడు అక్కా," అంది రోజా చేతులు జోడించి. "నీకు దణ్ణం పెడతా. ఒక్క చుక్క."

ఎవాంజెలిన్ గారు లవంగాన్ని ఇసుకలో ఉమ్మేశారు. మంచం అంచున కూర్చున్నారు. టైటస్ కాలు చూశారు. మోకాలి పైకి ఎర్రటి గీత ఒకటి పాకుతున్నది, ఉదయం అది లేదు. ఏడవాలి. ఏడిస్తే వాడు బతుకుతాడు. బొత్తాం చూసి ఏడ్చిన కళ్ళు, పసివాడి సూదికి ఏడ్చిన కళ్ళు, ఆ రోజు ఎండిన ఉప్పుమడుల్లా చూస్తున్నాయి. రావడం లేదు. గట్టిగా మూశారు, తెరిచారు, రావడం లేదు. ప్రాణం నిలిపే పని మిగిలి ఉండగా ఆమె కన్ను ఏనాడూ తడవలేదని, ప్రమాదం ముందుంటే అది తుఫాను నాటిలాగే ఎండిపోతుందని, ఆమెకు మాత్రం ఎవరు చెప్పారు? చుట్టూ నిలబడ్డ కుప్పమంతా ఊపిరి బిగబట్టి ఆ రెండు కళ్ళను చూస్తున్నది. ఆసిమ్ గారూ చూస్తున్నారు. ఎవరో ఆడమనిషి సన్నగా రాగం ఎత్తింది. గంట తాడు పట్టుకున్నాయన బీడీ పారేశాడు.

"చూసినారా?" అంది ఎస్తేరమ్మ, ఈసారి గొంతు లేకుండా. "రాలా."

అప్పుడు టైటస్ కళ్ళు తెరిచాడు. జ్వరంలో ఆమె ముఖాన్ని పోల్చుకోవడానికి కొంతసేపు పట్టింది. ముక్కు ఎగబీల్చాడు. మళ్ళీ ఎగబీల్చాడు.

"అక్కా," అన్నాడు పొడి నాలుకతో, "లవంగం వాసనొస్తా ఉండాది. నా సావుకు బిరియానీ తినొచ్చినావా?"

ఎవాంజెలిన్ గారు నివ్వెరపోయారు. ఒక్క క్షణం. తరువాత కడుపులో ఎక్కడో పుట్టి, గొంతులో తట్టుకొని, ఆపుదామన్నా ఆగకుండా నవ్వు తన్నుకొచ్చింది. నోటికి కొంగు అడ్డం పెట్టుకున్నారు. టైటస్ వదలలేదు: "నాకో పొట్లం తెచ్చుంటే లేసి కూసుందును గదక్కా!" ఆమె మంచం పట్టె పట్టుకొని వంగిపోయారు. నవ్వి నవ్వి, ఊపిరందక, కళ్ళలోంచి నీళ్ళు బొటబొటా రాలి టైటస్ చేతి మీద పడ్డాయి.

అవి నవ్వు నీళ్ళా ఏడుపు నీళ్ళా అని విచారించే తీరిక కుప్పానికి లేదు. నీళ్ళు వచ్చాయి. అంతే చాలు. ఎస్తేరమ్మ గొంతు నాలుగు కుప్పాలకు వినబడింది: "గంట కొట్టొద్దురోయ్! అక్క ఏడ్చింది!" టెంటు గుంజలు పాతే చేతులే నులకమంచాన్ని లేపాయి. మంచం అంబులెన్సులో పట్టకపోతే మనిషిని దించి, మంచాన్ని ఇసుకలో పారేసి, డాక్టరు గారిని కూడా దాదాపు ఎత్తి లోపల పడేశారు.

దారిలో గొట్టం మళ్ళీ పెట్టింది ఎవాంజెలిన్ గారే. ఎగుడుదిగుడు బాటలో, పరిగెత్తే బండిలో, ఒక్క పోటుతో నరం దొరికింది. మందు ఎక్కడం మొదలయ్యాక, టైటస్ నిద్రలోకి జారాక, అప్పుడు వచ్చాయి అసలు కన్నీళ్ళు. చిట్టమూరు మలుపు దాకా ఆగలేదు. ఆసిమ్ గారు జేబురుమాలు ఇచ్చారు.

"మీరు గెలిచారు మేడమ్," అన్నారు. "నేను ఓడిపోయాను."

"లేదు సార్. ఓడిపోయింది నేనే," అన్నారు ఆమె. "ఏడవడం తప్పు కాదు సార్, ఆపుకోవడమూ తప్పు కాదు. పడుకున్న మనిషి చేత మనల్ని ఓదార్పించుకుంటే మాత్రం తప్పే. చేరిన మొదటి రోజు ఆ పసివాడు నిమ్మబిళ్ళ ఇచ్చినప్పుడే అనుకున్నా, ఇంకెప్పుడూ రోగి నన్ను సముదాయించే పరిస్థితి రాకూడదని. ఇన్నేళ్ళు రానియ్యలేదు. ఇవాళ చూడండి, ఒళ్ళు కాలిపోయే మనిషి నన్ను నవ్వించాల్సి వచ్చింది."

ఇన్నేళ్ళుగా ముఖంలో ఏమి ఉండకూడదో ఆలోచించినవారు, ఎవరి బరువు ఎవరు మోయాలన్న ప్రశ్నను ఎన్నడూ వేసుకోలేదని తరువాత ఒక సమావేశంలో ఆసిమ్ గారే చెప్పారు. మన ఆసుపత్రికి అదే నిబంధన అయింది. దానికి కాగితం లేదు, సంతకం లేదు. కన్నీరు మీ ఇష్టం. ఓదార్పు మాత్రం మన పని, రోగి పని కాదు. కొత్త ఊరి మనిషి వస్తే ఎవాంజెలిన్ గారు ముందే, "నా కళ్ళు ఊరికే ఉండవు నాయనా, మీకేం భయం లేదు" అని చెప్పి మరీ ఏడుస్తారు. డాక్టరు గారి ముఖంలో ఇప్పుడు అప్పుడప్పుడు ముడతలు కనిపిస్తుంటాయి. అల్లాబక్షు వాటిని చూసి, "ఇప్పుడు మనిషిలాగుండారు సాబ్" అని, వారికి ఒక చొక్కా కుట్టి తెచ్చి ఇచ్చాడు. టైటస్‌కు కాలి చిటికెనవేలు ఒక్కటి పోయింది, కాలు దక్కింది. వేటకు పోతున్నాడు. ఈ తీరంలో ఎవరి ఇంట బిరియానీ వండినా అతనికి ఒక పొట్లం పోవలసిందే.

ఇదీ పూర్వకథ. ఇప్పుడు చెప్పండి, మన దిగ్భ్రాంతి అకారణమా? పదవీ విరమణ తేదీ నోటీసు బోర్డు ఎక్కింది. వీడ్కోలు సభకు షామియానా మాట్లాడారు. ఆయా మొదలు సూపరింటెండెంటు దాకా అందరమూ కళ్ళు తుడుచుకుంటున్నాం. ఆమె మాత్రం పొడి కళ్ళతో గది గదికీ తిరుగుతున్నారు. మొన్న టైటస్ గేటు కాడికి వచ్చి వాచ్‌మన్‌ను అడిగాడు: "అక్క ఏడ్చిందా?"

"లేదబ్బయ్యా."

టైటస్ ముఖం పాలిపోయింది. తల ఎత్తి మన భవనాన్ని, ఆ పాత గోడలను, తుప్పుపట్టిన గొళ్ళేలను చూశాడు. "అయితే ఆసుపత్రి పనయిపోయినట్టేనా?" అన్నాడు. ఆ ప్రశ్న మనందరి గుండెల్లో ఉన్నదే; బయటికి అన్నది అతడు. ఎవరు ఏడవకపోతే మనుషులు మంచాలు దిగి పారిపోయారో, ఆ మనిషి ఆసుపత్రిని వదిలిపోతూ ఏడవకపోతే, ఇటుకలు మాత్రం నిలబడతాయా?

చివరికి ఆసిమ్ గారే ధైర్యం చేసి అడిగారు. "మేడమ్, మా కోసం ఒక్క చుక్క కూడా లేదా?"

ఎవాంజెలిన్ గారు మందుల బీరువా సర్దుతూ, వెనక్కి తిరగకుండానే సమాధానమిచ్చారు: "ఇంకా పని మిగిలుంది సార్. కొత్త పిల్లలకు నరం పట్టుకోవడం పూర్తిగా రాలేదు."

ఆ మాటతో కొంత ఊపిరి తీసుకున్నాం. ప్రాణం నిలిపే పని మిగిలి ఉండగా ఆ కన్ను తడవదు. ముప్పైన, ఆఖరి పిల్లకు ఆఖరి నరం దొరికాక, ఏమి జరుగుతుందో చూడాలి. ఆ సాయంత్రం సభలో పూలదండలు, శాలువాలు, ప్రసంగాలు అన్నీ ఉంటాయి. కానీ కుప్పాలన్నీ వచ్చి కూర్చునేది ఆ రెండు కళ్ళను చూడడానికి.

ఆమె సంగతి ఆమె చేతుల్లో ఉంది. మన సంగతి మాత్రం ఇప్పుడే తేలిపోయింది. ఈ సంచికకు ఫోటోలు ఏరుతూ ఏడ్చాం, వ్యాసాలు దిద్దుతూ ఏడ్చాం, అచ్చుతప్పులు సైతం కనబడనంతగా ఏడ్చాం. ఈ తీరపు శాస్త్రం ప్రకారం ఎవరి కోసం కన్నీరు కారితే వారికి ప్రాణభయం లేదు. ఇంతమందిమి ఇంత ఏడ్చాక, మాన్యులు శ్రీమతి ఎవాంజెలిన్ గారు శ్రీవారు ఆనందబాబు గారితో కలిసి, కీళ్ళనొప్పులు కూడా దరి చేరని ఆరోగ్యంతో నూరేళ్ళు దాటి బతకవలసిందే. వారు వద్దన్నా కుప్పం ఒప్పుకోదు.